నీలం బేసిను

రేవు కమిటీ అధ్యక్షుడు ఒగుటు పొద్దున్నే ఆరబోత దిబ్బ మీద కనిపించాడంటే ఇందులో ఏదో మతలబు ఉండి తీరుతుందని అపొండికి అనిపించింది. పెద్దమనుషులెవరూ పచ్చి ఒమేనా చేప వాసన తగిలే వేళ ఇటు రారు. చేపలు ఎండి, మూటలు కట్టి, లారీ వచ్చాక వస్తారు. నాలుగు మాటలు చెప్పి పోతారు. అలాంటివాడు ఆ రోజు ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, ప్యాంటు అంచులు పైకి మడుచుకుని, ఎక్కడ అడుగేస్తే ఏ ఆడదాని నోట్లో పడాల్సి వస్తుందో అని చూసుకుంటూ వలల మధ్య నిలబడ్డాడు.

అపొండి నడుం ఎత్తలేదు. పడవలు ఇప్పుడే వచ్చి వెళ్ళాయి. మొలలోతు నీళ్ళలో పడవ అంచు పట్టుకుని, బేరమాడి తెచ్చుకున్న బకెట్ల చేప ఎండ ముదిరేలోగా పరవాలి. గుప్పెడు తీసి, మణికట్టు తిప్పుతూ పాత వల మీద విసరాలి. చేప మీద చేప పడకూడదు. పడితే కిందది కుళ్ళుతుంది, ఆ కంపు మొత్తం మూటకి పడుతుంది. వేలెడంత చేపే గానీ దానికి మర్యాద తక్కువైతే ఊరుకోదు.

దిబ్బ మధ్యలో బోర్లించిన పెట్టె మీద అపొండి అత్తగారు కూర్చుని ఉంది. ఈ సరస్సు ఒడ్డున ఆడదాన్ని పుట్టింటి ఊరు పేరు బతికినంత కాలం వదలదు. అందుకని తల ముగ్గుబుట్టయి, చేతులు వణుకుతున్నా ఆవిడ ఇప్పటికీ రేవంతటికీ ఉయోమా పిల్లే. కుడిచేతిలో కొంగల్ని తోలే పొడుగు కర్ర, ఒళ్ళో నీలం ప్లాస్టిక్ బేసిను. నీళ్ళలోకి దిగే ముందు ఆడవాళ్ళంతా తమ బటన్ ఫోన్లు ఆ బేసినులో పడేసి పోతారు. పైకి వచ్చాక చెయ్యి తుడుచుకుని ఎవరిది వాళ్ళు తీసుకుంటారు. ఇన్నేళ్ళలో ఒక్క ఫోను పోలేదు, ఒక్కటి తారుమారు కాలేదు.

ఒగుటు గొంతు సవరించుకున్నాడు. వార్డు ఆఫీసువాళ్ళు ఫోన్లలో అడిగిన ప్రశ్నకి ఫలితం వచ్చిందని మొదలుపెట్టాడు. ఈ ఏడు రేవుకి వచ్చిన డబ్బుతో ఏం కట్టాలన్నది ప్రశ్న. ఒకటి నొక్కితే ఐసు ఫ్యాక్టరీ, రెండు నొక్కితే వానకి తడవకుండా ఒమేనా ఆరబెట్టుకునే పైకప్పు ఉన్న మంచెలు. ఐసు ఫ్యాక్టరీ గెలిచిందట. రోడ్డుకి దగ్గర కనక దాన్ని ఇక్కడే, ఈ దిబ్బ మీదే కడతారట. ఈ చివరి ముక్క చెప్పేటప్పుడు ఆయన ఎవరి మొహమూ చూడలేదు, సరస్సు వైపు చూశాడు.

అపొండి చేతిలో గుప్పెడు చేప అలాగే ఉండిపోయింది. ఐసు పెద్ద చేపలకి, పెద్ద పడవలకి. ఒమేనాకి కావలసింది ఎండ, ఇంత మెరక నేల. ఈ దిబ్బ దాటితే అటు రాళ్ళు, ఇటు బురద. దిబ్బ పోతే ఈ ఆడవాళ్ళందరి పొయ్యిలూ ఆరిపోతాయి.

పక్క వల మీద చేప పరుస్తున్న అదోయో నడుం మీద చెయ్యేసుకుని లేచింది. అదోయోకి రేవులో ఎవరన్నా భయం లేదు. "మరి మేం ఎక్కడ ఆరబెట్టుకోవాలయ్యా? నీ చొక్కా మీదా?"

ఆడవాళ్ళు నవ్వారు. ఒగుటు నవ్వలేదు.

"నన్నడుగుతారేంటి? కోరుకున్నది మీరేగా. ఈ రేవులో ఆడవాళ్ళంతా ఓటేశారు, ఒక్కరు మిగల్లేదు. అందరూ ఐసు ఫ్యాక్టరీకే వేశారు."

నవ్వు ఎక్కడిదక్కడ ఆగిపోయింది. అంతలో మోటారు బండి వెనక కూర్చుని వార్డు ఆఫీసు పిల్ల క్వింటర్ వచ్చింది. ఆడవాళ్ళ వ్యవహారాలు చూడడానికి వేసిన ఉద్యోగిని. చదువుకున్న పిల్ల, నవ్వు మొహం, చంకలో ట్యాబు. దిగుతూనే చప్పట్లు కొట్టింది. వార్డులో ఏ రేవులోనూ ఆడవాళ్ళు ఇంతమంది ముందుకు రాలేదని, పడ్డ ఓట్లలో మూడో వంతైనా ఆడవాళ్ళవి కాకపోతే తీర్మానమే చెల్లదని కొత్త నిబంధన ఉందని, ఈ రేవు వల్ల తను తల ఎత్తుకునేలా అయిందని గుక్క తిప్పుకోకుండా చెప్పింది. శుక్రవారం పట్నం నుంచి డబ్బిచ్చేవాళ్ళు చూడ్డానికి వస్తున్నారు. అప్పుడు అందరి ఫోన్లకీ ఆఖరి ప్రశ్న వస్తుంది: ఈ తీర్మానం ఖాయమా, కాదా. అందరూ అక్కడికక్కడ జవాబు నొక్కితే పని అయిపోతుంది.

చెప్పాక ఆ పిల్ల వలలు తొక్కకుండా జాగ్రత్తగా నడిచి ముసలావిడ దగ్గరికి వెళ్ళింది. వంగి, రెండు చేతులూ పట్టుకుని, దాయో బాగున్నావా అని పలకరించింది. రేవులో ప్రతి ముసలమ్మా దాయోనే, కానీ ఈవిడ ఆ పిలుపుకి పొంగిపోయి పిల్ల చెంప నిమిరింది. అపొండి అది చూసింది. చూసి, మంచి పిల్ల, పెద్దవాళ్ళంటే గౌరవం ఉంది అనుకుంది కూడా. ఆ మాట తర్వాత తల్చుకుని నొచ్చుకుంది.

వాళ్ళిద్దరూ వెళ్ళాక ఆడవాళ్ళు మళ్ళీ చేప మీదికి వంగారు. అపొండి ఏ ప్రశ్నా చూడలేదు, ఏ నంబరూ నొక్కలేదు. తను నొక్కలేదంటే మరెవరో నొక్కి ఉండాలి. అటు చూస్తే అదోయో తన వైపే చూస్తోంది. ఆ చూపు అపొండికి ఏమీ నచ్చలేదు.

*

ఇంటికొచ్చి తలుపు దగ్గర వెలుగులో కూర్చుని ఫోను తీసింది. స్వాహిలీ అక్షరాలు కూడబలుక్కోగలదు. కంపెనీవాళ్ళు అప్పు తీసుకోమని పంపే చెత్తంతా దాటుకుంటూ పోతే కింద ఆ ప్రశ్న ఉంది. దాని కింద జవాబు ఉంది. ఒకటి. వెళ్ళిపోయినట్టు గుర్తు కూడా ఉంది.

 ఎక్కడో ఆఫీసులో కూర్చుని ఎవరో దొంగ లెక్క రాసుకుంటే అది వేరు. ఇది తన ఫోను లోంచే పోయింది. తన ఇంట్లో ఉన్న ఫోను.

మొగుడు ఒవిటి సాయంత్రం వచ్చాడు. పెద్ద చేపలకి వెళ్ళే పడవ మీద పని అతనికి. కాళ్ళు కడుక్కుని, మొక్కజొన్న పిండితో వండిన ఉగాలి ముద్ద వేళ్ళతో నొక్కి గుంట చేసి, దాంతో కూర తీసుకుని తినడం మొదలుపెట్టాడు. అపొండి ఎదురుగా కూర్చుని అతని బొటనవేలే చూస్తోంది. వల తాడు కోసిన మచ్చ ఉన్న వేలు. ఆ వేలు తన ఫోను మీద ఆనిందా, లేదా?

"నా ఫోను తీశావా?" అంది.

"తియ్యడానికి అందులో బ్యాలెన్సేమన్నా ఏడ్చిందా?"

మామూలప్పుడైతే నవ్వేది. "ఐసు వస్తే నీకు మంచిదేగా," అంది.

ఒవిటి ముద్ద నమిలి మింగాడు. "మంచిదే. కాదని ఎవడన్నాడు? ఐసు లేక మా చేప మెత్తబడ్డాక లారీవాడు ఎంతంటే అంత. నీ ఫోను మాత్రం నేను ముట్టలేదు."

కాదనే మాట ఇంత నెమ్మదిగా ఎందుకన్నాడు? తప్పు చెయ్యనివాడైతే ఒంటికాలి మీద లేవడా? లేచి ఉంటే, తప్పు చేశాడు కాబట్టే లేచాడని అనుకునేది. అనుమానానికి ఏ జవాబూ చాలదు. ఆ రోజు నుంచి అపొండి ఫోనుని ఒంటికి చుట్టుకున్న లేసో గుడ్డ కొంగున ముడేసుకుని, ఆ ముడి నడుముకి దోపుకుని పడుకోవడం మొదలుపెట్టింది. ఒవిటి చూశాడు. గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

*

మర్నాడు చేప సగం ఎండిందో లేదో, సరస్సు అవతల నుంచి మబ్బు లేచింది. ఒకరినొకరు కేకేసుకుంటూ వలల అంచులు మడిచి చేపని కుప్పచేసి, దొరికిన ప్లాస్టిక్ పట్టాలన్నీ కప్పారు. అయినా సగం తడిసింది. తడిసిన ఒమేనా ఇక మనుషులు తినరు, కోళ్ళ దాణాకి పోతుంది. మంచెలు ఉంటే ఈ గోల లేదు. ఆ మంచెల్నే తామంతా వద్దన్నారట!

పాత సామాన్ల కొట్టు చూరు కింద ఆడవాళ్ళు కిక్కిరిసి నిలబడ్డారు. అందరి ఒళ్ళూ తడి, అందరి మనసులూ మంట. అదోయో ఉండబట్టలేకపోయింది.

"ఐసు ఎవరింటికి కావాలో మాకు తెలీదా? పెద్ద పడవ జీతం ఎవరి గుమ్మంలోకి వస్తోందో చూడట్లేదా?"

అపొండికి ఒళ్ళు మండింది. "నీకు ఆ కొత్త లేసో ఎక్కణ్ణుంచి వచ్చిందో ముందు అది చెప్పు."

మా అన్న పంపాడని అదోయో, అన్నకి ఇప్పుడే గుర్తొచ్చావా అని అపొండి. పదేళ్ళుగా ఒకే బకెట్టు చెరో చెవీ పట్టుకుని మోసిన వాళ్ళు జుట్లు పట్టుకునేదాకా వచ్చారు. చివరికి అదోయో తన ఫోను తీసి, తెరిచి, అందరి మొహాల ముందూ పెట్టింది. కావాలంటే చూసుకోండి, నేను ఏదీ నొక్కలేదు, అంది. చూశారు. ప్రశ్న కింద ఒకటి అని ఉంది.  చూస్తూ చూస్తూ అదోయో కళ్ళు ఎర్రబడ్డాయి.

ఆ తర్వాత ఒక్కొక్కరే తెరిచారు. అందరి ఫోన్లలోనూ అదే. అందరివీ సంత రోజు పొద్దున, ఒకదాని వెనక ఒకటి, వరసగా పోయాయి. మొగుళ్ళందరూ ఒక్కసారే నొక్కుతారా? అపొండి సంత రోజు పొద్దుటి సంగతి గుర్తు చేసుకుంది. ఆ రోజు గాలి ఎదురై పడవలు ఆలస్యంగా వచ్చాయి. ఆడవాళ్ళంతా చాలాసేపు నీళ్ళలోనే ఉన్నారు. ఆ వేళకి ఎవరి చేతిలోనూ ఫోను లేదు, అందరి చేతుల్లోనూ బకెట్లు.

వానలోకి చూసింది. దిబ్బ మధ్యలో ఆ పెట్టె మీంచి అత్త కదల్లేదు. పట్టా కప్పిన చేప మీద కొంగలు వాలకుండా కర్ర ఊపుతూనే ఉంది. వానకి అడ్డంగా నీలం బేసిను బోర్లించి నెత్తిన పెట్టుకుంది.

 అపొండి నోటిదాకా వచ్చిన మాట మింగేసింది. ఇప్పుడు ఆ మాట పైకంటే, ఈ మంట మీదున్న ఆడవాళ్ళు ముసలావిడని ఏమన్నా అనగలరు. ఆఫీసులోనే ఏదో మాయ చేసి ఉంటారులే అంది. అదోయో నమ్మినట్టు కనిపించలేదు.

*

అత్తని నిలదీసి అడిగే అలవాటు ఈ ఇళ్ళలో కోడళ్ళకి లేదు. ఆ సాయంత్రం ముసలావిడ గుడిసె ముందు ఇద్దరూ కూర్చుని తడిసిన చేపలోంచి బాగున్నది ఏరుతుండగా, అపొండి తల ఎత్తకుండానే మాట కదిపింది. సంత రోజు పొద్దున దిబ్బ మీదకి ఎవరన్నా వచ్చారా అని.

"ఎవరొస్తారే, కొంగలు," అంది అత్త. "మగాణ్ణెవణ్ణీ ఆ బేసిను ఛాయలకి రానివ్వనని నీకు తెలీదూ?"

తెలుసు. ఒకసారి ఒగుటునే కర్రతో అదిలించింది. అపొండి నాలుగు చేపలు ఏరింది. "ఆడవాళ్ళు?"

"ఆ పిల్ల వచ్చిందిగా, ఆఫీసు పిల్ల. నూనెలో వేయించిన వేడివేడి మందాజీలు తెచ్చిపెట్టింది. ఈ ఫోన్లన్నీ ఒళ్ళో ఒకటే కుయ్యోమంటుంటే, దాయో, నీ చెవులు చిల్లులు పడట్లేదా, ఉండు నేను ఊరుకోబెడతానంది. ఒక్కోటీ తీసి, వేలితో ఇలా నొక్కి, పసిపిల్లని జోకొట్టినట్టు జోకొట్టింది. ఆడపిల్ల కదా, తియ్యనిచ్చాను." ముసలావిడ చెయ్యి ఆగింది. "ఏం, ఎవరిదన్నా పోయిందా?"

ఏం పోలేదని అపొండి చెప్పింది. చాలా తొందరగా చెప్పింది. ముసలావిడ కోడలి మొహంలోకి కాసేపు చూసి, మళ్ళీ చేపలు ఏరడంలో పడింది. 

*

వార్డు ఆఫీసులో క్వింటర్ లేచి కుర్చీ చూపించింది. అపొండి కూర్చోలేదు. నిలబడే, మా ఫోన్లు ఎందుకు నొక్కావు అని అడిగింది. అబద్ధమాడుతుందనే అనుకుంది. ఆ పిల్ల అబద్ధం ఆడలేదు. లేచి తలుపు మూసి వచ్చింది.

సంత రోజుతో గడువు అయిపోతోందట. మగాళ్ళంతా నొక్కారట. ఆడవాళ్ళ లెక్క దగ్గర సున్నా ఉందట. మూడో వంతు లేకపోతే మొత్తం రద్దయి, డబ్బు వెనక్కి పోతుందట. "ఆడవాళ్ళ కోసమే నన్ను ఇక్కడ వేశారక్కా. నా రేవుల్లో ఆడవాళ్ళు సున్నా అని పైకి ఎలా పంపను?"

"మరి రెండు నొక్కలేకపోయావా?"

క్వింటర్ ఆ సంగతి ఇప్పుడే తట్టినట్టు చూసింది. "పైన ఉన్నది ఒకటి. గబగబా అదే నొక్కుతూ పోయాను. మీరు పాల్గొన్నట్టు ఉంటే చాలనుకున్నాను. దిబ్బ మీద కడతారని అప్పటికి నాకూ తెలీదు."

అపొండికి ఆ పిల్ల మీద జాలి పుట్టబోయి ఆగిపోయింది. ఎందుకంటే క్వింటర్ అంతటితో ఊరుకోలేదు. శుక్రవారం మీ చేత్తో మీరే నొక్కండి, కాదనే నొక్కండి, నేను అడ్డు రాను, అంది. నొక్కడం మాత్రం మానొద్దని రెండుసార్లు చెప్పింది. తర్వాత గొంతు తగ్గించి ఇంకో మాట అంది.

"ఇది బయటపెడితే దాయో పేరు కూడా బయటికొస్తుంది. ఫోన్లు చేతికిచ్చింది ఆవిడే కదా. ఆలోచించుకో అక్కా."

ఆ మాట అనేటప్పుడు కూడా పిల్ల మొహం మెత్తగానే ఉంది. అదే అపొండిని ఎక్కువ భయపెట్టింది.

దారి పొడుగునా అదే ఆలోచన. కాదని నొక్కినా పరవాలేదట, నొక్కితే చాలట. ఎందుకు చాలు? నడుస్తూ నడుస్తూ ఉంటే, రేవు కనిపించే మలుపు దగ్గర తట్టింది, లెక్కలు రానిదానికి కూడా అర్థమయ్యేంత తేలికైన సంగతి. రేవులో మగాళ్ళే ఎక్కువ. పెద్ద పడవలవాళ్ళంతా ఖాయమనే నొక్కుతారు. ఆడవాళ్ళంతా కాదని నొక్కినా ఓడిపోతారు. ఓడిపోతూ కూడా ఆ మూడో వంతు లెక్క నింపి పోతారు. కాదన్న చేతులతోనే తీర్మానాన్ని నిలబెట్టి వస్తారు. నొక్కకుండా ఉంటేనే అది చెల్లదు.

శుక్రవారం ఎవరూ ఏదీ నొక్కొద్దని అపొండి ఆడవాళ్ళకి నచ్చజెప్పింది. ఎందుకో చెప్పింది గానీ, మొదటిసారి నొక్కిందెవరో చెప్పలేదు. అది దాస్తోందని అదోయోకి తెలిసిపోయింది. "సరే, మేం నొక్కం. మా మొగుళ్ళు పక్కన నిలబడి లాక్కుని నొక్కితే?" అంది.  ఒగుటు అప్పటికే ఇల్లిల్లూ తిరుగుతున్నాడు, మీ ఆడవాళ్ళ చేత నొక్కించే పూచీ మీది అని మగాళ్ళకి చెబుతున్నాడు.

గురువారం అన్నాల వేళ ఒవిటి దగ్గరా ఆ మాట వచ్చింది. అత్త కూడా అక్కడే, గుమ్మం పక్కన చాప మీద కూర్చుని తింటోంది.

"ఒగుటు వచ్చి చెప్పాడు, నీ చేత నొక్కించమని," అన్నాడు ఒవిటి. "నొక్కుతావా?"

"నొక్కను."

"నొక్కకు. నాకు ఐసు కావాలి, నీకు దిబ్బ కావాలి. అది మనిద్దరం తేల్చుకునేది. నీ ఫోను అప్పుడూ ముట్టలేదు, ఇప్పుడూ ముట్టను."

"తెలుసు," అంది అపొండి. సిగ్గుతో మొహం వేడెక్కింది. కొంగు ముడి విప్పి, ఫోను తీసి, అతని కంచం పక్కన నేల మీద పెట్టింది. అంతకంటే ఎలా చెప్పాలో తెలియలేదు.

"మరి నొక్కిందెవరో తెలిసిందా?"

అపొండి అత్త వైపు చూడకుండా ఉండాలని చాలా కష్టపడి పొయ్యి వైపు చూసింది. ముసలావిడ కంచంలో చెయ్యి కడుక్కుని, లేచి తన గుడిసెకి వెళ్ళిపోయింది.

*

శుక్రవారం దిబ్బ అంచున నీడకి గుడ్డ పందిరి వేశారు. తెల్ల దుప్పటి కట్టి దాని మీద బొమ్మ పడేలా చేశారు. మగవాళ్ళ లెక్క ఒక పక్క, ఆడవాళ్ళ లెక్క ఒక పక్క. పట్నం నుంచి వచ్చినవాళ్ళు ముగ్గురు, కుర్చీల్లో నీళ్ళ సీసాలు పట్టుకుని కూర్చున్నారు. బల్ల దగ్గర క్వింటర్ ట్యాబు పట్టుకుని నిలబడింది. అపొండిని చూసి నవ్వబోయి మానేసింది.

ఉపన్యాసాలయ్యాయి. క్వింటర్ ట్యాబు మీద వేలు పెట్టింది. రేవంతా ఒక్కసారి ఫోన్లు మోగాయి. దుప్పటి మీద మగవాళ్ళ అంకె గబగబా పెరగడం మొదలెట్టింది. ఆడవాళ్ళ పక్క సున్నా. ఒగుటు మెడ సాచి మగాళ్ళకి కళ్ళతో సైగ చేశాడు. అదోయో మొగుడు చెయ్యి చాపి, ఇటు తే, నీకు రాదు, నేను నొక్కుతా, అంటున్నాడు. అదోయో ఫోను రొమ్ముకి అదుముకుంది. ఇంకో ఇద్దరు ముగ్గురు ఆడవాళ్ళ చేతులు అప్పుడే జంకుతున్నాయి.

అప్పుడు వెనక నుంచి కర్ర చప్పుడు వినిపించింది. ఉయోమా పిల్ల చంకలో నీలం బేసినుతో జనంలోంచి దారి చేసుకుంటూ వచ్చింది. తిన్నగా అదోయో ముందుకి వెళ్ళి బేసిను చాపింది.

"పడవలొచ్చాయి అనుకో. పడెయ్యి."

అదోయో ఒక్క క్షణం తెల్లబోయింది. తర్వాత రోజూ వేసినట్టే ఫోను బేసినులో వేసింది. మొగుడి చెయ్యి గాలిలో ఉండిపోయింది. ఆ బేసినులో చెయ్యి పెట్టిన మగాడు ఈ రేవులో ఇంతవరకూ లేడు. ముసలావిడ వరస తప్పకుండా ఒక్కొక్కరి ముందూ ఆగింది. ఒక్కొక్కరే వేశారు. అపొండి దగ్గరికి వచ్చేసరికి బేసిను బరువెక్కి ఆవిడ చేతులు వణుకుతున్నాయి. అపొండి తన ఫోను వేసి, అత్తా, నువ్వేమీ చెప్పొద్దు, అని చెవిలో అంది.

"నువ్వు దాచలేవే," అంది అత్త. "నీ మొహం అలాంటిది."

వెళ్ళి బేసిను క్వింటర్ ముందు బల్ల మీద పెట్టింది. లోపల ఫోన్లు ఇంకా జవాబు అడుగుతూ ఒకదాని మీద ఒకటి గిలగిలలాడుతున్నాయి. ముసలావిడ ఆడవాళ్ళ వైపు తిరిగింది.

"సంత రోజున మీరు నీళ్ళలో ఉన్నప్పుడు ఈ పిల్ల వచ్చింది. ఆడపిల్ల కదా అని మీ ఫోన్లు దాని చేతికిచ్చాను. అదే నొక్కింది. కాపలా ఉన్నది నేను. తప్పు నాదే, తిట్టేవాళ్ళు నన్ను తిట్టండి." మళ్ళీ క్వింటర్ వైపు తిరిగింది. "అమ్మాయీ, ఆ రోజు మమ్మల్ని అడగలేదు నువ్వు. వీటిని అడిగావు. ఇవిగో, అన్నీ ఇక్కడే ఉన్నాయి. మళ్ళీ అడుగు. ఏం చెబుతాయో అందరం విందాం."

ఎవరూ ఆవిడని తిట్టలేదు. అదోయో వచ్చి ముసలావిడ పక్కన నిలబడి ఆ వణికే మోచెయ్యి పట్టుకుంది. ఒగుటు ఏదో అనబోతే పట్నం నుంచి వచ్చినావిడ చెయ్యెత్తి ఆపింది. బేసినులో ఒక్కో ఫోనూ అడిగి అడిగి అలిసిపోయి ఊరుకుంది. అందరూ దుప్పటి వైపే చూస్తున్నారు.

"లెక్క చదువమ్మా," అంది పట్నం ఆవిడ.

క్వింటర్ ట్యాబు వంక చూసింది, బేసిను వంక చూసింది. "ఆడవాళ్ళు, సున్నా," అంది.  మరి తీర్మానం సంగతేమిటని ఆవిడే అడిగితే, చెల్లదండీ అంది. డబ్బు వెనక్కి పట్టుకుపోమంది పట్నం ఆవిడ; ఏం కట్టాలో మళ్ళీ మొదటినుంచీ అడగాలి, ఈసారి మనుషుల్ని.

"ఇప్పుడు చెప్పాయి నిజం," అంది ఉయోమా పిల్ల.

బేసిను ఎత్తి చంకన పెట్టుకుంది. పందిరి దాటి ఎండలోకి చూసి, పొద్దెక్కిందే, చేప తిరగెయ్యాలి, అని కోడల్ని పిలిచింది.